చేయి తిరిగిన అక్షరం: గుంటూరు సీమలో రాత నేర్చిన చరిత్ర

వ్యాససంగ్రహం

అక్షరాభ్యాసాన్ని బుద్ధికి సంబంధించిన చదువుగా భావించడం నేటి అలవాటు. తెలుగునాట అది చాలాకాలం చేతికి సంబంధించిన సాధన. వేలితో ఇసుకలో, గంటంతో తాటాకుపై, కలంతో కాగితంపై సాగిన ఈ సాధనకు ప్రత్యేకమైన బోధనపద్ధతి, పరిభాష, జ్ఞాపకశక్తి ఉన్నాయి. అమరావతి శాసనాల కాలం నుంచి ఇరవయ్యో శతాబ్ది అక్షరాస్యతా ఉద్యమాల వరకు గుంటూరు, ప్రకాశం మైదానాలను ప్రధాన క్షేత్రంగా తీసుకొని, రాయడమనే చేతివిద్యను జనం ఎలా నేర్చారో, ఎలా నిలుపుకొన్నారో, ఎక్కడ పోగొట్టుకొన్నారో ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలక పదాలు: ఓనమాలు, దిద్దుడు, వీధిబడి, గంటం, గొలుసుకట్టు, కరణం, సంతకం, అమరావతి.

1. ఉపోద్ఘాతం

ఒక పనిలో ఆరితేరిన మనిషిని తెలుగులో 'చేయి తిరిగినవాడు' అంటారు. కవినీ, వంటవాణ్ణీ, కంసాలినీ, జమాఖర్చులు రాసే గుమాస్తానూ ఒకే మాటతో మెచ్చుకోవడం ఈ నుడికారంలోని విశేషం. తల తిరిగితే జబ్బు. చేయి తిరిగితే విద్య. నేర్పు ఉండే చోటు చేయి అని ఈ జాతీయాన్ని పుట్టించినవారికి సందేహం లేదు.

'దిద్దు' అనే క్రియ ఇంకా లోతైనది. గురువు రాసిపెట్టిన అక్షరం మీద పిల్లవాడు మళ్లీ మళ్లీ వేలు పోనివ్వడం దిద్దడం. తప్పును సరిచేయడమూ దిద్దడమే. మనిషిని ఒక తీరుకు తీసుకురావడం తీర్చిదిద్దడం. గురజాడ అప్పారావు 1910లో తన కథకు 'దిద్దుబాటు' అని పేరు పెట్టినప్పుడు, భర్త ప్రవర్తనను సవరించే ఒక ఇల్లాలి ఉపాయానికి బడిపిల్లల పలక మీది మాట సరిపోయింది. అనుకరించడం, పునరావృత్తి చేయడం, సవరించుకోవడం అనే మూడు పనులు ఒకే ధాతువులో ఇమిడి ఉండడం గమనించదగినది. చేతిపనులు నేర్చే క్రమాన్ని వివరించే మనస్తత్వశాస్త్రం కూడా ఈ మూడింటి చుట్టూనే తిరుగుతుంది.

చెప్పగలిగే జ్ఞానం వేరు, చేయగలిగే నేర్పు వేరు అని ఆ శాస్త్రం నిరూపించుకొన్న సందర్భం ప్రసిద్ధం. మూర్ఛవ్యాధికి 1953లో మెదడు శస్త్రచికిత్స చేయించుకొన్న హెన్రీ మొలెసన్ అనే అమెరికన్ ఆ తరువాత కొత్త సంగతులేవీ గుర్తుంచుకోలేకపోయాడు. అద్దంలో మాత్రమే చూస్తూ నక్షత్రం బొమ్మ గీతల మధ్యగా పెన్సిలు నడిపే సాధనను బ్రెండా మిల్నర్ అతని చేత చేయించింది. మూడు రోజులలో అతని చేయి కుదిరింది. అంతకుముందు ఎప్పుడైనా ఆ పని చేశానన్న సంగతి మాత్రం అతనికి తెలియదు. 1962లో మిల్నర్ ప్రకటించిన ఈ పరిశీలనతో, చేతి జ్ఞాపకం తక్కిన జ్ఞాపకానికి భిన్నమైన దారిలో నిలుస్తుందని స్థిరపడింది. రాత చరిత్రను గ్రంథాల చరిత్రగా, లిపుల చరిత్రగా తెలుగు పరిశోధన విస్తారంగా పరిశీలించింది. రాసిన చేతుల చరిత్రగా చూసినది తక్కువ.

2. రాతిమీది చేయి

అమరావతి మహాచైత్యం రాళ్లమీది దానశాసనాలు ఎక్కువగా చిన్నవి. బ్రాహ్మీలిపిలో, ప్రాకృతభాషలో దాత పేరు, ఊరు, వృత్తి, బంధువుల పేర్లు, ఇచ్చిన వస్తువు చెప్పి ముగుస్తాయి. తొలి తెలుగుమాటగా పేరుపొందిన 'నాగబు' ఈ రాళ్లలోనిదే. రాజలేఖకుడు అనే ఉద్యోగి పేరూ వీటిలో వినిపిస్తుంది. పూర్ణఘటం చెక్కిన ఫలకాన్ని దానం చేసిన విధికుడు తోలుపని చేసేవాడు, చమ్మకారుడు. అతడు తనను ఉపాధ్యాయుడైన నాగుని కొడుకుగా చెప్పుకొన్నాడు. ఆ ఉపాధ్యాయుడు నేర్పినది ధర్మమో, అక్షరమో, వృత్తివిద్యో శాసనం చెప్పదు. చర్మకారుని ఇంట ఉపాధ్యాయుడు ఉండడం మాత్రం తరువాతి శతాబ్దాల సమాజాన్ని ఎరిగిన పాఠకుణ్ణి ఆపి ఆలోచింపజేస్తుంది.

నేర్పు తరం నుంచి తరానికి ఎలా చేరేదో తెలిపే మంచి ఆధారం కృష్ణకు ఆవలి ఒడ్డున జగ్గయ్యపేటలో ఉంది. ఇక్ష్వాకు రాజు మాఠరీపుత్ర వీరపురుషదత్తుని ఇరవయ్యో పాలనా సంవత్సరంలో అక్కడి మహాచైత్యం తూర్పుద్వారం వద్ద ఐదు ఆయకస్తంభాలు నిలిపిన దాత పేరు సిధథుడు. అతని వృత్తినామం 'ఆవేసని', అంటే పనివారి పెద్ద, కర్మశాల యజమాని. తండ్రి నాకచందుడూ ఆవేసనియే. వారి స్వగ్రామం నడతూరు కమ్మకరథంలోనిది. నేటి గుంటూరు, ప్రకాశం ప్రాంతాలకు పాతపేరైన కమ్మరాష్ట్రం ఇదే. సిధథుడు సొంతఊరు విడిచి వేరొక గ్రామంలో నివసిస్తూ, తల్లి, భార్య, సోదరుడు, కొడుకు, కూతురు పేర్లన్నీ చెక్కించాడు. తండ్రి కర్మశాలలో కొడుకు చేయి తిరగడం, తిరిగిన చేయితో పని ఉన్నచోటికి తరలిపోవడం అనే వృత్తిజీవనక్రమం ఈ ఒక్క శాసనంలోనే కనిపిస్తుంది.

అమరావతి, నాగార్జునకొండ ప్రాంతాల శాసనాలు అనేకం 'సిధం' అనే మంగళవాచకంతో మొదలవుతాయి. బడిపిల్లలు వల్లించిన ఓనమాలు, 'ఓం నమః శివాయ సిద్ధం నమః' అన్న వాక్యానికి విడి అక్షరాల రూపం. అందులోని 'సిద్ధం' జైనబౌద్ధ విద్యాసంప్రదాయాల నుంచి మిగిలినదని సాహిత్యచరిత్రకారులు భావించారు. మతాలు మారినా తొలిపాఠంలోని మాట చెక్కు చెదరలేదన్నమాట. అర్థం కోసం కాక చేయి, నోరు పలికే లయ కోసం నేర్చిన పాఠాలకు ఇటువంటి ఆయుష్షు ఉంటుంది.

3. ఇసుకలో వేలు

మద్రాసు గవర్నరు థామస్ మన్రో 1822లో ఆదేశించిన విద్యావిచారణకు సమాధానంగా గుంటూరు కలెక్టరు 1823లో పంపిన నివేదిక ప్రకారం ఆ జిల్లాలో 574 బడులు, వాటిలో ఏడున్నర వేలకు పైగా విద్యార్థులు ఉన్నారు. ఇవిగాక శాస్త్రాలు, ధర్మశాస్త్రం, జ్యోతిషం ఇళ్లలో చెప్పే చోట్లు 171, అక్కడ చదివేవారు 939 మంది. వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు గతించి అప్పటికి ఏడేళ్లే అయింది. అతడు కట్టించిన అమరావతి పట్టణంలోనూ, చుట్టూ ఉన్న పల్లెల్లోనూ బడి అంటే ఒక ఇంటి అరుగో, చెట్టునీడో. గుంటూరు నివేదిక ప్రధానంగా లెక్కల నివేదిక. అరుగుమీద ఏం జరిగేదో తెలుసుకోవాలంటే అదే విచారణలో బళ్లారి కలెక్టరు ఎ. డి. కాంప్‌బెల్ రాసిన జవాబు చూడాలి. ఆయన తెలుగువారికి కొత్తవాడు కాదు. 1816లో ఇంగ్లీషులో తెలుగు వ్యాకరణం ప్రకటించినవాడు. ఆయన జిల్లాలోని 533 బడులలో 226 తెలుగు బడులు.

కాంప్‌బెల్ వర్ణన ప్రకారం పిల్లవాడు అయిదో ఏట బడిలో చేరతాడు. వినాయకుని పూజ తరువాత గురువు అతని చేయి పట్టుకొని బియ్యంలో వేలితో దేవుని పేరు రాయిస్తాడు. పొద్దున్నే బడికి మొదట వచ్చినవాడి అరచేతిలో సరస్వతి పేరు, రెండోవాడి చేతిలో సున్న, మూడోవాడికి మెల్లగా ఒక దెబ్బ, నాలుగోవాడికి రెండు, ఆపై వరుసగా. కోదండం, గోడకుర్చీ వంటి శిక్షలను ఎరిగినవారికి ఇది మృదువైన ఆరంభంగానే తోస్తుంది. కాంప్‌బెల్‌కు విశేషంగా కనిపించింది అక్షరం నేర్పే తీరు. ఐరోపాలో అక్షరాలను చూసి పలుకుతూ నేర్చుకొంటారు. ఇక్కడ పిల్లలు నేలపై ఇసుకలో వేలితో రాస్తూ నేర్చుకొంటారని ఆయన స్పష్టంగా భేదం చూపాడు. ఇసుకలో వేలు బాగా ఆడిన తరువాతే పిల్లవానికి తాటాకుపై ఇనుపగంటం, కాగితంపై కలం, లేదా మసిపూసిన కడితంపై బలపం పట్టే అర్హత వస్తుంది.

ఇసుకకు ఉన్న గుణాలు ఈ బోధనకు అతికినట్టు సరిపోతాయి. ఖర్చు లేదు. తప్పు నిలవదు, అరచేత్తో ఒకసారి చదును చేస్తే చాలు. వేలికీ అక్షరానికీ మధ్య పరికరం లేదు. గీత ఎక్కడ మొదలై ఎటు తిరుగుతుందో వేలికొనకు తగిలే ఇసుకరేణువులే చెబుతాయి. అక్షరం పెద్దదిగా ఉంటుంది కనుక మణికట్టు, మోచేయి కలిసి కదులుతాయి. ఇంత పెద్ద కదలికలో నేర్చిన 'అ' తరువాత తాటాకుమీద ఆవగింజంత అక్షరంగా ఎలా మారుతుందన్న ప్రశ్నకు ఇరవయ్యో శతాబ్దిలో రష్యన్ శాస్త్రవేత్త నికొలాయ్ బెర్న్‌స్టైన్ సమాధానం వెతికాడు. మనిషి తన పేరును చేత్తో రాసినా, కాలికి పెన్సిలు కట్టుకొని రాసినా, పళ్లతో పట్టి రాసినా ఆ రాత పోలిక మారదు. కనుక మెదడు దాచుకొనేది ఫలానా కండరానికి ఇచ్చే ఆజ్ఞను కాదు, కదలిక ఆకృతిని. సాధన అంటే ఒకే కదలికను యథాతథంగా తిరిగి చేయడం కాదనీ, ప్రతిసారీ కొద్దిగా మారే పరిస్థితిలో అదే ఫలితాన్ని సాధించడమనీ ఆయన సిద్ధాంతం. రోజూ చెరిగి రోజూ కొత్తగా పరుచుకొనే ఇసుక ఆ సిద్ధాంతానికి ఎంత అనువైన పలకో చెప్పనక్కరలేదు.

నోటి పాత్ర ఇంకా ఆసక్తికరమైనది. గుణింతం వల్లించే పద్ధతిని తెలుగువారు ఎరుగుదురు: కకు దీర్ఘమిస్తే కా, కకు గుడిస్తే కి, కకు కొమ్మిస్తే కు. దీన్ని ఉచ్చారణ పాఠంగానే చూస్తే సగమే చూసినట్టు. తలకట్టు, గుడి, కొమ్ము, ఏత్వం, వట్రసుడి, ఒత్తు అనే పేర్లలో చాలా భాగం ధ్వని పేర్లు కావు, గీతల పేర్లు. కట్టడం, సుడి తిరగడం, ఒత్తడం అన్నీ చేతిచేష్టలే. 'ఇస్తే' అన్న క్రియ ఏ గీత ఎప్పుడు చేర్చాలో చేతికి చెప్పే ఆదేశం. పిల్లవాడు తన చేతికి తానే బిగ్గరగా ఆజ్ఞలిస్తూ రాస్తాడు. నేర్పు తొలిదశలో మాటల సహాయంతో నడుస్తుందనీ, సాధన ముదిరేకొద్దీ మాట రాలిపోయి చేయి స్వతంత్రమవుతుందనీ పాల్ ఫిట్స్, మైకేల్ పోస్నర్ 1967లో మూడు దశలుగా వివరించారు. చేయి తిరిగిన తరువాత ఎవరూ 'కకు గుడిస్తే' అంటూ రాయరు. కానీ అరవై ఏళ్లు దాటినవారైనా, అరుదైన ఒత్తు దగ్గర తడబడితే, పెదవులు మళ్లీ కదుపుతారు.

ఈ ఇసుకచదువు సముద్రాలు దాటింది. ఎగ్మూరులోని అనాథ బాలుర ఆశ్రమానికి 1789 నుంచి పర్యవేక్షకుడైన ఆండ్రూ బెల్, ఒకనాటి ఉదయం గుర్రంపై పోతూ, స్థానిక పిల్లలు బడిలో నేలపై ఇసుక పరిచి వేలితో రాయడం చూశాడు. వెంటనే తన ఆశ్రమంలో దాన్ని ప్రవేశపెట్టమన్నాడు. ముందు నేర్చిన పిల్లలు వెనుకటివారికి నేర్పే పద్ధతిని కూడా చేర్చి 1797లో లండన్‌లో పుస్తకం వేశాడు. బెల్, జోసెఫ్ లాంకాస్టర్ల పేర్లతో అది ఇంగ్లండు పేదపిల్లల బడులకు వ్యాపించింది. అక్కడి బల్లలకు ఇసుకతొట్లు అమరాయి. తమాషా ఏమంటే, కొద్ది దశాబ్దాలకే ఇక్కడ ఇంగ్లీషు తరహా బడులు తెరిచినవారు అరుగుమీది ఇసుకను వెనుకబాటుతనానికి గుర్తుగా చూశారు.

కాంప్‌బెల్ మెచ్చుకోలు ఏకపక్షం కాదు. పిల్లలు పద్యాలు అప్పగిస్తారు, చక్కగా రాస్తారు, కానీ గ్రాంథికభాషలోని ఆ పద్యాల అర్థం వారికీ, తరచు గురువుకూ తెలియదని ఆయన ఫిర్యాదు. ఇది న్యాయమైన విమర్శ. చేతికి అక్షరం అబ్బడం, నోటికి పద్యం రావడం, బుద్ధికి అర్థం అందడం మూడు వేర్వేరు విద్యలు; మొదటి రెండింటితోనే ఆగిపోయిన బాల్యాలు అనేకం. అయితే చేతిని తప్పించి కంటికే అక్షరం నేర్పితే ఏమవుతుందన్న ఎదురుప్రశ్నా ఉంది. ఫ్రాన్సులో మారీకే లాంగ్‌కాంప్ బృందం 2005లో ప్రకటించిన పరిశోధనలో, మూడు నుంచి అయిదేళ్ల పిల్లలకు కొందరికి చేత్తో రాయిస్తూ, కొందరికి కీలు నొక్కిస్తూ అక్షరాలు నేర్పారు. వారిలో కాస్త పెద్ద పిల్లలు, చేత్తో రాసి నేర్చిన అక్షరాలనే బాగా గుర్తుపట్టారు. కన్ను గుర్తించే ఆకృతిలో చేయి నడిచిన దారి కూడా కలిసి ఉంటుందన్నమాట.

4. గంటం

ఇసుక నుంచి తాటాకుకు మారిన పిల్లవాడు దాదాపు కొత్త విద్య మొదలుపెట్టినట్టే. కాగితంపై కలం కదులుతుంది, కాగితం నిలిచి ఉంటుంది. తాటాకు రాతలో రెండు చేతులకూ పని ఉంది. కుడిచేతి పిడికిట్లో గంటం నిలువుగా ఉంటుంది. ఎడమచేయి ఆకును పట్టుకొంటుంది. ఆ చేతి బొటనవేలు గంటం మొనకు ఆనుగా నిలుస్తుంది. అక్షరం పడినకొద్దీ ఎడమచేయి ఆకును ఎడమవైపుకు జరుపుతుంది. గంటం జారకుండా ఆ బొటనవేలి గోరు పెంచి అందులో చిన్న గాడి పెట్టుకొన్న లేఖకులు ఉండేవారు. వృత్తి శరీరంపై వేసుకొన్న ముద్ర అది.

ఇంకొక కష్టం ఉంది. గంటం గీసిన గీత ఆకురంగులోనే ఉంటుంది. రాత పూర్తయ్యాక మసి, ఆకుపసరు రుద్ది తుడిస్తేనే అక్షరాలు నల్లగా తేలతాయి. రాస్తున్నంతసేపూ లేఖకునికి తన అక్షరం సరిగా కనబడదు. లేతగా ఒక గాటు మాత్రం కంటికి ఆనుతుంది. అతడు నమ్ముకోవలసింది చేతికి తగిలే ఒత్తిడిని, ఆకుపీచు తెగే స్పర్శను. ఒత్తిడి ఎక్కువైతే ఆకు చిల్లిపడుతుంది, తక్కువైతే మసి పట్టదు. ఇసుకలో కన్నూ వేలూ కలిసి నేర్చిన ఆకృతిని, ఇక్కడ వేలు కంటి సాయం తగ్గించుకొని నడపాలి. ఇసుకలో చేయి పూర్తిగా ఆడేదాకా గంటం ఇవ్వకపోవడంలోని మర్మం ఇదేనని ఊహించవచ్చు.

తెలుగులిపి గుండ్రదనానికి తాటాకే కారణమని తరచు చెబుతారు. ఆకు పీచు వెంబడి అడ్డంగా గీత లాగితే చీలుతుంది కనుక లేఖకులు గీతలను వంచారని ఆ వాదం. గంటం పట్టిన చేతికి ఇది అనుభవవేద్యమే. అయితే లిపి వంపు తిరగడం రాతిపైన, రాగిరేకులపైన కూడా క్రమంగా కనిపిస్తుంది కనుక, ఒక్క ఆకుకే ఆ ఘనత కట్టబెట్టడం తొందరపాటు అవుతుంది. ఎత్తకుండా వేగంగా రాసే ఏ చేయి అయినా మూలలను గుండ్రం చేస్తుంది.

వేగం లేఖకుని ప్రతిష్ఠ. తిక్కన పూర్వులు గుంటూరులో అధికారం నెరపినవారు. నెల్లూరులో ఆయన భారతం చెబుతుంటే కుమ్మరి గురునాథుడు రాసుకొన్నాడని జనశ్రుతి. కవి ధార ఆగకూడదు, లేఖకుని గంటం ఆగకూడదు అన్నది ఆ కథలోని పందెం. అందులోని నిజానిజాల సంగతి ఎలా ఉన్నా, కవి నాలుకతో సమంగా పరుగెత్తే చేయి ఒక అద్భుతంగా జనం గుర్తుంచుకొన్నారనడానికి అది సాక్ష్యం. ఆ చేయి ఒక కుమ్మరిది కావడం కథకు మరో విలువనిస్తుంది. చక్రంపై మట్టిని గుండ్రంగా లేపిన వేళ్లకు గంటం అప్పగించిన ఊహ ఎవరిదో గానీ గట్టిది.

ప్రతుల చివర లేఖకులు చేర్చుకొన్న సంప్రదాయ శ్లోకాలు ఈ శ్రమను నేరుగా చెబుతాయి. వీపు, నడుము, మెడ విరిగేలా, చూపు నిలిపి, తల వంచి కష్టపడి రాసిన గ్రంథమిది, జాగ్రత్తగా కాపాడమని ఒక వేడుకోలు. చూసిన ప్రతిలో ఎలా ఉంటే అలా రాశాను, తప్పుంటే నాది కాదని మరొక విన్నపం. రెండో మాట చేతి స్వభావాన్ని పట్టిస్తుంది. చేయి తిరిగిన లేఖకుడు అర్థం గమనించకుండానే పుటలకు పుటలు దించగలడు. అందుకే ఒకే మాట రెండు చోట్ల ఉంటే మధ్యభాగం ఎగిరిపోతుంది. పరిచితమైన పదం అపరిచితమైన పదం చోట వచ్చి కూర్చుంటుంది. గ్రంథపరిష్కర్తలు లేఖకదోషాలుగా లెక్కగట్టేవాటిలో చాలా భాగం అజ్ఞానం వల్ల వచ్చినవి కావు, అతిసాధన వల్ల వచ్చినవి.

సి. పి. బ్రౌన్ తాటాకుప్రతులను కాగితంపైకి ఎత్తించడం మొదలుపెట్టాక ఈ చేతులకు కొత్త కొలువు దొరికింది. నందన నామ సంవత్సరపు కరువు, అంటే 1832–33 నాటి గుంటూరు కరువులో ఆయన ఆ జిల్లాలోనే ఉద్యోగం చేశాడు. జూలూరి అప్పయ్య, అద్వైత బ్రహ్మయ్య వంటి పండితులు ప్రతులను పోల్చి సరిచూడగా, జీతపు రాయసగాళ్లు శుద్ధప్రతులు రాశారు. కావ్యాలు బతికిన ఈ కథ తెలుగువారికి బాగా తెలుసు. గంటం పట్టిన పిడికిలిని విప్పి, కలాన్ని మూడు వేళ్ల మధ్య పట్టడం నేర్చిన చేతుల ప్రస్తావన ఆ కథలో రాదు.

5. గొలుసుకట్టు

కాగితం స్థిరపడ్డాక తెలుగురాతలో పెరిగిన విశిష్టమైన నేర్పు గొలుసుకట్టు. ఒక అక్షరం తోకను తరువాతి అక్షరం తలకట్టుకు కలుపుతూ, కలం ఎత్తకుండా పంక్తి అంతా సాగించే రాత ఇది. దీనికి ప్రధాన పోషకులు గ్రామకరణాలు. పొలాల హద్దులు, పంటలు, శిస్తు బాకీలు వారి కవిలెకట్టల్లో ఉండేవి. మెకంజీ సేకరణలోని గుంటూరు సీమ కైఫియత్తులకు ఈ దండకవిలెలే మూలం. తాటాకు కవిలె కాగితపు దస్త్రంగా మారాక, ప్రభుత్వానికి పంపవలసిన లెక్కలు పెరిగేకొద్దీ రాత వేగం పుంజుకొంది.

గొలుసుకట్టు ఏ వాచకంలోనూ పాఠం కాదు. కరణం ఇంటి కుర్రవాడు తండ్రి పక్కన కూర్చొని పాత అడంగళ్లకు నకళ్లు రాస్తూ పట్టుబడేవాడు. రూపాయలకు 'రూ' పక్కన రెండు నిలువుగీతలు, వ్యక్తుల పేర్లకు పొడి అక్షరాలు, కాలు, పరక, వీసాలకు వేర్వేరు గుర్తులు, వీటన్నిటినీ చెప్పి నేర్పినది కొద్ది, రాయించి నేర్పినది ఎక్కువ. అమెరికాలో విలియం బ్రయన్, నోబుల్ హార్టర్ 1890ల చివర తంతి గుమాస్తాలపై చేసిన పరిశోధన ఇక్కడ పనికొస్తుంది. కొత్తగా చేరినవాడు ఒక్కొక్క అక్షరంగా సందేశాన్ని పట్టుకొంటాడు. కొన్ని నెలలు ఎదుగుదల ఆగినట్టు కనిపించి, ఆ తరువాత మాటలుగా, ఆపై పదబంధాలుగా పట్టుకోవడం వస్తుంది. నేర్పు పెరగడమంటే వేళ్లు వేగం కావడమొక్కటే కాదు, చేతిలో ఉండే ముద్ద పెద్దది కావడం. గొలుసుకట్టులో సరిగ్గా ఇదే జరిగింది. 'వగైరా', 'సదరు', 'మజ్కూరు' వంటి దస్త్రపు మాటలు అక్షరాల కూర్పుగా కాక ఒకే చుట్టుగా, ఒకే కదలికగా మారిపోయాయి. లోపలి అక్షరాలను విడదీసి చూపమంటే రాసినవానికే కష్టం.

అందువల్లే ఆ రాతను చదవడం కూడా చేతివిద్య అయింది. గొలుసుకట్టు రాయగలిగినవాడు కాగితం మీది మెలికను చూసి, దాన్ని గీసిన కదలికను మనసులో తిరిగి నడిపి, మాటను పట్టుకొంటాడు. అచ్చు అక్షరాలే ఎరిగిన కంటికి అక్కడ అక్షరాలే ఉండవు. 1984లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం కరణం, మునసబు పదవులను రద్దు చేసింది. వంశపారంపర్యంగా భూమి లెక్కలపై పెత్తనం చేసిన వ్యవస్థ అది. కరణం కలంపోటుకు పొలాలు చేతులు మారిన కథలు ప్రతి ఊళ్లోనూ ఉన్నాయి. ఆ రద్దును విచారించేవారు ఊళ్లో తక్కువ. కానీ దానితోపాటు ఒక చేతి శిక్షణ కూడా ఆగింది. కాగితాలు మిగిలాయి, వాటిని చదివే తరం సన్నగిల్లుతోంది. గ్రంథం చెదపట్టి నశించడం అందరికీ కనిపించే నాశనం. కాగితం పదిలంగా ఉండి, దాన్ని విప్పగల చేయి లేకపోవడం పైకి కనిపించదు. పాత విక్రయపత్రం చేతపట్టుకొని, చదివిపెట్టే ముసలి కరణం కోసమో, పాత దస్తావేజు లేఖరి కోసమో ఊరూరా తిరగవలసిన రైతుకు మాత్రం అది తెలుసు.

నాలుగో వంతుల చొప్పున విభజించే ఆ పాత భిన్నాల గుర్తులకు 2008లో యూనికోడ్ తెలుగు పట్టికలో చోటు దొరికింది. ఫోనులోనూ కంప్యూటరులోనూ అవి ఉన్నాయి. ఏ గీత ముందు, ఏది తరువాత అన్నది ఆ పట్టిక చెప్పదు.

6. ఎవరి చేయి?

ఇంతవరకు చెప్పిన చేతులలో స్త్రీలవి దాదాపు లేవు. కాంప్‌బెల్ లెక్కించిన 6,641 మంది విద్యార్థులలో బాలికలు 60 మంది. అస్పృశ్యులుగా నెట్టివేతకు గురైన కులాల పిల్లలకు అరుగు ఎక్కే హక్కే లేదు. చేయి పట్టి దిద్దించాలంటే గురువు ఆ చేయి తాకాలి. చేతిపనిగా నేర్పే విద్యకు స్పర్శ మూలం కనుక, అంటరానితనం ఈ విద్యకు వేసిన అడ్డు తక్కిన విద్యలకంటే మొరటుగా, సూటిగా ఉంటుంది. 1842లో గుంటూరు చేరిన లూథరన్ మిషనరీ ఫ్రెడరిక్ హయ్యర్ మొదలుపెట్టిన బడులు తరువాతి దశాబ్దాలలో మాల మాదిగ పల్లెలకు విస్తరించినప్పుడు ఈ అడ్డు కొంత సడలింది. 1895లో వినుకొండలో పుట్టిన గుర్రం జాషువకు బడిలో ఎదురైన అవమానాలు ఆయన ఆత్మకథలోకి ఎక్కాయి. ఉన్నవ లక్ష్మీబాయమ్మ, లక్ష్మీనారాయణ దంపతులు 1922లో గుంటూరులో స్థాపించిన శారదానికేతనం ఆడపిల్లల చేతికి కలం ఇచ్చిన సంస్థలలో ఎన్నదగినది.

పెద్ద సంఖ్యలో శ్రామికస్త్రీలు అక్షరం ముట్టుకొన్నది ఇంకా ఆలస్యంగా, 1990ల తొలినాళ్ల అక్షరాస్యతా ఉద్యమంలో. నెల్లూరు జిల్లాలో రాత్రిబడులలో మొదలైన చర్చ దూబగుంట మహిళల సారా వ్యతిరేక పోరాటానికి దారితీసిన సంగతి చరిత్రకెక్కింది. పక్కనే ప్రకాశం, గుంటూరు మైదానాల పత్తిచేలలో, మిరపకల్లాలలో పనిచేసే స్త్రీలకు పలక అందిన కాలం కూడా అదే. వారి చేతులు శిక్షణలేనివి కావు. విచ్చిన పత్తికాయ నుంచి ఆకునలుసు అంటకుండా దూది లాగడం, మాట్లాడుకొంటూ, చూడకుండానే మిరపకాయ తొడిమ తీయడం ఏళ్ల సాధనతో వచ్చిన నేర్పులు. ముప్ఫై ఏళ్లు ఆ కదలికలకు అలవాటైన వేళ్లు బలపాన్ని కొడవలిపిడిలా గట్టిగా పట్టుకోవడం, పలక మీద బలపం విరగడం ఆ బడులలో మామూలు దృశ్యం. ఇసుకలో వేలితో మొదలయ్యే పాత దారి వారికి దొరకలేదు. అయిదేళ్ల పిల్లలకు దశలవారీగా ఇచ్చినదాన్ని వారికి ఒకేసారి చేతిలో పెట్టారు.

చాలామంది నేర్చి నిలుపుకొన్నది సంతకం. వేలిముద్ర వేయడంలోని చిన్నతనం పోవడానికి, పొదుపు సంఘం తీర్మానానికి, బ్యాంకు కాగితానికి అది చాలు. జనగణన దృష్టిలో ఏడేళ్లు నిండి, అర్థం చేసుకొంటూ చదవడం, రాయడం రెండూ వచ్చినవారే అక్షరాస్యులు. సంతకం ఒక్కటే వచ్చినవారు నిరక్షరాస్యుల లెక్కలోకే వెళతారు. చేతివిద్య దృష్టిలో వారి స్థానం వేరు. వారు నేర్చినది అయిదారు అక్షరాలను కాదు, ఒక కదలికను. వాచకం మరచిపోయినా, రాత్రిబడి మూతపడి ఇరవై ఏళ్లయినా ఆ కదలిక పోలేదు. అక్షరాలు గుర్తుండని మనిషి చేతిలో పేరు గుర్తుండడం, నక్షత్రం గీసిన మొలెసన్ సంగతిని తలపిస్తుంది.

ఇందులోని ప్రమాదాన్నీ దాచనవసరం లేదు. చదవలేని కాగితంపై సంతకం చేయగల చేయి, వేలిముద్ర కంటే సులువుగా మోసపోతుంది. వేలిముద్ర వేసేవారికి కాగితం చదివి వినిపించాలన్న ఆనవాయితీ ఉంది. సంతకం చేసేవారికి చదువు వచ్చనే ఎదుటివారు అనుకొంటారు.

పొదుపు సంఘం పుస్తకంలో నెలనెలా పడే ఆ సంతకాలలో కొన్ని గొలుసుకట్టును పోలి ఉంటాయి. కలం పేజీమీద ఒకసారి ఆనితే పేరు పూర్తయ్యేదాకా లేవదు. పేరులోని మూడో అక్షరం ఒక్కదాన్ని విడిగా రాసి చూపమంటే, ఆమె మొదటినుంచి మొత్తం పేరు రాసుకొంటూ వచ్చి, ఆ అక్షరం దగ్గర కలం ఆపి చూపిస్తుంది.